వెండితెర అమ్మ శాంతకుమారి: సీమ పాఠకుల ప్రశ్నలు, మా సమాధానాలు

పాత కుటుంబ కథాచిత్రాలలో తల్లి, వదిన, అత్త పాత్రలు ధరించిన నటీమణుల గురించి ఆ మధ్య ఈ శీర్షికలో ఒక చిన్న సమాధానం ఇచ్చాము. అందులో ప్రొద్దుటూరులో పుట్టిన శాంతకుమారి గారి ప్రస్తావన ఒక్క వాక్యంతో ముగిసింది. ఆ ఒక్క వాక్యాన్ని పట్టుకుని కడప, అనంతపురం, కర్నూలు ప్రాంతాల నుంచి వచ్చిన ఉత్తరాలను చదివాక, ఈసారి శీర్షిక మొత్తాన్ని ఆమెకూ, ఆమె నడిచిన దారిలో నడిచినవారికీ కేటాయించడమే న్యాయమనిపించింది.

ప్రశ్న: టీవీలో ‘శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం’ వస్తుంటే, వకుళమాతగా నటించినామె మన ఊరి ఆడబిడ్డే అని మా అమ్మ చెప్పింది. మరుసటి రోజు మా కళాశాలలో అడిగి చూశాను. ముఖం చూపిస్తే అందరూ గుర్తుపట్టారు గానీ పేరు మాత్రం ఒక్కరూ చెప్పలేకపోయారు. ఆమె ఎవరు? ఆమె నట జీవితం ఎలా సాగింది?
— ఒక అధ్యాపకురాలు, ప్రొద్దుటూరు

మీ అమ్మగారు చెప్పింది అక్షరాలా నిజం. శాంతకుమారి గారు 1920 మే 17న ప్రొద్దుటూరులో పుట్టారు. ఇంటిపేరు వెల్లాల, కన్నవారు పెట్టిన పేరు సుబ్బమ్మ. తండ్రి నటులు, తల్లి శాస్త్రీయ సంగీతం తెలిసిన గాయని కావడం వల్ల పాటా, నాటకమూ ఆ ఇంట్లో పరాయి విషయాలు కావు. మద్రాసులో ఆచార్య పి. సాంబమూర్తి గారి వద్ద ఆమె గాత్రమూ, వయొలినూ నేర్చుకున్నారు. సంగీతమే వృత్తిగా స్థిరపడవలసిన ఆ అమ్మాయిని, శశిరేఖ పాత్రకు పాడగలిగిన పిల్ల కోసం వెతుకుతున్న దర్శకుడు పి.వి. దాసు గారు సినిమాలోకి తీసుకువచ్చారు. 1936లో విడుదలైన ‘శశిరేఖా పరిణయం’ ఆమె తొలి చిత్రం. శాంతకుమారి అన్న పేరు కూడా దాసు గారు పెట్టినదే. అప్పటికి ఆమె వయసు పదహారు.

మరుసటి ఏడాది వచ్చిన ‘సారంగధర’కు దర్శకుడు నెల్లూరు వాస్తవ్యులైన పి. పుల్లయ్య గారు. ఆ చిత్రంతో కలిగిన పరిచయం అదే సంవత్సరం వివాహానికి దారితీసింది. అక్కడి నుంచి ఆమె నట జీవితాన్నీ, ఆయన దర్శకత్వాన్నీ వేరుచేసి చూడడం కష్టం. 1939లో ఆయన తిరుపతి వేంకటేశ్వరుని కథను తొలిసారి తెరకెక్కించినప్పుడు సి.ఎస్.ఆర్. ఆంజనేయులు గారు స్వామిగానూ, శాంతకుమారి గారు పద్మావతిగానూ నటించారు. ఇరవై ఒక్క సంవత్సరాల తరువాత, 1960లో, అదే కథను అదే దర్శకుడు ఎన్.టి. రామారావు గారితో తిరిగి తీసినప్పుడు పద్మావతి పాత్ర సావిత్రి గారికి వెళ్ళింది, శాంతకుమారి గారు వకుళమాత అయ్యారు. మీ అమ్మగారు మీకు చూపించినది ఈ రెండవ చిత్రాన్ని. ఒకే కథలో పెళ్ళికూతురిగా ఒకసారి, పెళ్ళికొడుకు తల్లిగా మరొకసారి కనిపించిన నటీమణులు మన సినిమాలో చాలా అరుదు.

ఈ రెంటి నడుమ ఆమె నడిచిన దూరం ఎంతో ఉంది. 1941లో ‘ధర్మపత్ని’లో భానుమతి గారితో కలిసి నటించారు. అక్కినేని నాగేశ్వరరావు గారు చిన్న వేషంలో తొలిసారి తెరమీద కనిపించినది ఆ చిత్రంలోనే. 1949లో మన తాడిపత్రి వారైన కె.వి. రెడ్డి గారు తీసిన ‘గుణసుందరి కథ’లో మాలతి గారూ, శాంతకుమారి గారూ గుణసుందరికి అక్కలు. 1950లో ‘షావుకారు’తో తల్లి పాత్రల దశ మొదలైంది. ‘అర్ధాంగి’ (1955), ‘జయభేరి’ (1959), ‘తల్లా పెళ్ళామా’ (1970), ‘ప్రేమనగర్’ (1971) ఆ దశలో ముందుగా చెప్పుకోవలసినవి. పుల్లయ్య గారికి 1981 సంవత్సరపు రఘుపతి వెంకయ్య అవార్డు లభించింది, 1999 సంవత్సరానికి అదే అవార్డు శాంతకుమారి గారికి దక్కింది. 2006 జనవరి 16న చెన్నైలో ఆమె కన్నుమూశారు.

ఇంత సుదీర్ఘమైన నట జీవితం ఉన్నామె పేరు ఆమె పుట్టిన ఊరికే తెలియకపోవడం గురించి మీరు బాధపడ్డారు. ఆ బాధ మాకూ ఉంది. కుటుంబ చిత్రంలో నాయకుడికీ, నాయికకూ పేర్లుంటాయి, పాటల్లో ఆ పేర్లు వినిపిస్తాయి, గోడమీది పోస్టరులో ఆ ముఖాలే ఉంటాయి. తల్లిని మాత్రం సినిమా ఆసాంతం అందరూ ‘అమ్మా’ అనే పిలుస్తారు. ప్రేక్షకుడికి ఆమె పాత్ర పేరే తెలియనప్పుడు నటి పేరు తెలియకపోవడంలో ఆశ్చర్యం లేదు. పైగా టీవీలో పాత సినిమాలు వేసేటప్పుడు పేర్లు పడే భాగాన్ని కత్తిరించడమో, దానిమీదే ప్రకటనలు నడపడమో జరుగుతూ ఉంటుంది. పెద్దవాళ్ళు ఇంట్లో కూర్చుని ‘ఈమె ఫలానా’ అని చెప్పకపోతే పిల్లలకు ఆ సంగతి తెలిసే మార్గం లేదు. మీ ఇంట్లో మీ అమ్మగారు ఆ పని చేశారు.

ప్రశ్న: పదహారేళ్ళకే కథానాయిక అయిన నటి ముప్పై ఏళ్ళకే తల్లి వేషాలకు రావడం అన్యాయం కాదా? ఆమెతో నటించిన నాయకులు మాత్రం అరవై దాకా నాయకులుగానే ఉన్నారు కదా?
— డిగ్రీ విద్యార్థిని, అనంతపురం

అన్యాయమే. దానిని మరో పేరుతో పిలవవలసిన అవసరం లేదు. మీరు వయసుల ప్రస్తావన తెచ్చారు కాబట్టి ‘షావుకారు’నే తీసుకుని చూడండి. ఆ చిత్రం వచ్చిన 1950లో శాంతకుమారి గారి వయసు ముప్పై. ఆమె భర్త చెంగయ్యగా నటించిన గోవిందరాజుల సుబ్బారావు గారు ఆమెకన్నా దాదాపు పాతికేళ్ళు పెద్దవారు. కొడుకు సత్యంగా నటించిన ఎన్.టి. రామారావు గారు 1923లో పుట్టినవారు, అంటే తల్లికన్నా మూడేళ్ళే చిన్న. ఐదేళ్ళ తరువాత వచ్చిన ‘అర్ధాంగి’లో లెక్క మరోవైపుకు తిరిగింది. అక్కడ ఆమె భర్తగా, జమీందారుగా నటించిన గుమ్మడి వెంకటేశ్వరరావు గారు 1927లో పుట్టారు, అంటే ఆమెకన్నా ఏడేళ్ళు చిన్నవారు. తలకు తెల్లరంగు పూసుకుని ముసలి వేషం వేయడం గుమ్మడి గారికీ తప్పలేదు. కాబట్టి సహాయ పాత్రలకు వచ్చిన మగవారు కూడా వయసుకు మించిన వేషాలు కట్టినవారే. అయితే నాయకుడు నాయకుడిగానే కొనసాగే వెసులుబాటు మగవారికి ఉండేది. ఆడవారిలో పెళ్ళయి పిల్లలు పుట్టాక కూడా నాయికగా నిలిచినవారు వేళ్ళమీద లెక్కించదగినవారే.

దీనికి పరిశ్రమ దృష్టితో పాటు ఆనాటి కథల తీరు కూడా ఒక కారణం. 1930లలో మన సినిమా చాలావరకు పురాణాల మీద నడిచింది. అక్కడ శశిరేఖ, చిత్రాంగి, పద్మావతి వంటి పాత్రలకు పాడగలిగిన యువతి కావాలి. స్వాతంత్ర్యం వచ్చిన తరువాతి దశాబ్దంలో సాంఘిక చిత్రాలు పుంజుకున్నాయి. వాటిలో ఎక్కువ భాగం ఉమ్మడి కుటుంబం చుట్టూ అల్లినవి. ఉమ్మడి కుటుంబం తెరమీదకు రావాలంటే తండ్రి, తల్లి, పెద్దన్న, వదిన, మేనత్త, విధవ అక్క, ఇంత పరివారం కావాలి. అన్నదమ్ములు విడిపోవడం, ఆస్తి పంపకం, కోడలి కాపురం, సవతి బిడ్డల కష్టం వంటి ఇతివృత్తాలలో కథను నిజంగా మోసేది ఈ పరివారమే. నాయికా నాయకుల ప్రేమ పాటలతో గడిచిపోతుంది. కథ మలుపు తిరిగేది మాత్రం వంటింటి గడప దగ్గరో, పడమటింట్లోనో, పెద్దావిడ నోటి నుంచి వెలువడే ఒక మాటతో. అటువంటి పాత్రలకు అనుభవమున్న నటీమణులు కావలసి వచ్చారు. దాదాపు పదిహేనేళ్ళ అనుభవంతో, ముప్పై ఏళ్ళ వయసులో ఉన్న శాంతకుమారి గారు ఆ అవసరానికి సరిగ్గా సరిపోయారు.

ఆమెకు జరిగిన అన్యాయం ఒక ఎత్తు, దానితో ఆమె ఏమి చేశారన్నది మరొక ఎత్తు. నాగేశ్వరరావు గారి చిత్రాల వరుసలోనే చూడండి. ‘మాయలోకం’ (1945)లో ఆయనతో కలిసి నటించారు, ‘అర్ధాంగి’లో ఆయనకు సవతి తల్లి, ‘జయభేరి’లో వదిన, ‘ప్రేమనగర్’లో జమీందారిణి అయిన తల్లి. ఇరవై ఆరేళ్ళలో ఒకే నటుడికి వరుస మారుతూ వచ్చినా, ఏ పాత్రా వెనకటి పాత్రకు నకలుగా కనిపించదు. 1950లో రామారావు గారికి తల్లి అయిన ఆమెనే, 1970లో ఆయన స్వయంగా దర్శకత్వం వహించిన ‘తల్లా పెళ్ళామా’లో తల్లిగా తీసుకున్నారు. తోటి నటులకు ఆమె పనిమీద ఎంత గురి ఉండేదో చెప్పడానికి ఆ ఒక్క ఎంపిక చాలు.

ప్రశ్న: ఎవరేమన్నా పాత సినిమాల్లో అమ్మ పాత్ర అంటే కొంగు నోట్లో కుక్కుకుని ఏడవడమే. దానిలో నటన ఏముంది? ఆ పాత్రలు వేసినవారి గురించి ఇంతగా రాయడం అవసరమా?
— ఒక పాఠకుడు, ఆదోని

మీరు సూటిగా అడిగారు, మేమూ సూటిగానే చెబుతాము. ఏడుపు తప్ప మరేమీ లేని తల్లి పాత్రలు మన సినిమాల్లో కోకొల్లలు. వాటిని సమర్థించే ఉద్దేశం మాకు లేదు. అయితే మీరు ఒక సాయంత్రం తీరిక చేసుకుని ‘షావుకారు’ చూడండి. అందులో చెంగయ్యకు డబ్బే లోకం. ఇరుగుపొరుగుగా, అన్నదమ్ముల్లా బతికిన రెండు కుటుంబాలు తగాదా పడతాయి, కొడుకు కటకటాల పాలవుతాడు, జామీను ఇవ్వడానికి తండ్రికి చేయి రాదు. ఆ ఇంట్లో శాంతమ్మకు డబ్బు పెట్టె తాళం మీద అధికారం లేదు, భర్తకు ఎదురు చెప్పే అలవాటూ లేదు. అటువంటి మనిషి కోపాన్ని ఎలా చూపాలి? శాంతకుమారి గారు దానిని గొంతు పెంచి చూపరు. భర్తకు సమాధానం చెప్పవలసిన చోట ఒక క్షణం ఆగి, చేతిలో పని ఆపకుండానే మాట అంటారు. ఆ ఆగడంలోనే ఏళ్ళ తరబడి అణిచిపెట్టుకున్నదంతా తెలుస్తుంది. మన పల్లెల్లో, మీ ఆదోనిలోనైనా సరే, అటువంటి ఇల్లాళ్ళను మనం చూడలేదా? వారు ఏడవగా చూసినది తక్కువ, పెదవి బిగించి పనిలో పడగా చూసినది ఎక్కువ. ఆ తీరును తెరమీదకు తెచ్చిన నటి ఆమె.

ఆ చిత్రం గురించి మరొక మాట. సినిమా పేరు కథానాయిక జానకి గారి పేరుకు ముందు ఇంటిపేరులా శాశ్వతంగా చేరిపోయింది. సున్నం రంగడుగా ఎస్.వి. రంగారావు గారిని ఈనాటికీ తలుచుకుంటారు. ఆ షావుకారు ఇల్లాలు ఎవరని అడిగితే మాత్రం సినిమా చూసినవారు కూడా తడుముకుంటారు.

‘అర్ధాంగి’లో ఆమె పాత్ర ఇంకా కష్టమైనది. ‘స్వయంసిద్ధ’ అనే బెంగాలీ నవల ఆధారంగా పుల్లయ్య గారు తీసిన చిత్రం అది. జమీందారు రెండో భార్యగా, కన్నకొడుకు మీద మమకారంతో సవతి కొడుకును ఒక పక్కకు నెట్టిన స్త్రీగా ఆమె కనిపిస్తారు. సూర్యకాంతం గారు ఆ పాత్ర వేసి ఉంటే అది గయ్యాళితనపు దిశగా సాగి, ప్రేక్షకులు ఆనందంగా తిట్టుకునేవారు. సూర్యకాంతం గారి ప్రజ్ఞ వేరు, దానిని తక్కువ చేయడం మా ఉద్దేశం కాదు. శాంతకుమారి గారి సవతి తల్లికి గయ్యాళితనం లేదు. తాను చేస్తున్నది తప్పని ఆమెకు ఎక్కడో తెలుసు, తెలిసి కూడా పెత్తనం కన్నకొడుకు చేతి నుంచి జారిపోకూడదని పట్టుబడుతుంది. కోడలిగా వచ్చిన సావిత్రి గారితో ఆమె తలపడే ఘట్టాలలో ఇద్దరిలో ఎవరూ అరవరు. మాట మర్యాదగానే సాగుతుంది, పట్టు మాత్రం సడలదు. ఆ ఘట్టాలు చూశాక కూడా అమ్మ పాత్రలో నటన లేదని మీకనిపిస్తే మళ్ళీ రాయండి, ప్రచురిస్తాము.

‘జయభేరి’లో ఆమె గుమ్మడి గారి భార్య అన్నపూర్ణ, నాయకుడికి వదిన. తల్లిలా పెంచిన మరిది కులం కట్టుబాట్లను దాటి భాగవతుల బృందంలోని అమ్మాయిని ప్రేమించినప్పుడు, శాస్త్రానికి కట్టుబడిన భర్తకూ, పెంచిన మమకారానికీ నడుమ నిలబడే స్త్రీ. వదినను తల్లి తరువాత తల్లిగా చూసే మన ఇళ్ళలో ఆ పాత్ర ఎందుకంత దగ్గరైందో వివరించనక్కరలేదు.

ప్రశ్న: వకుళమాత పాడే పాటకు గొంతు ఎవరిది? సుశీల గారిదనీ, లీల గారిదనీ మా సంగీత పాఠశాలలో వాదన జరిగింది.
— సంగీత ఉపాధ్యాయుడు, కడప

ఆ ఇద్దరిదీ కాదు. ‘ఎన్నాళ్ళని నా కన్నులు కాయగ’ అన్న ఆ పాటను తెరమీద నటించిన శాంతకుమారి గారే పాడారు. సంగీతం పెండ్యాల నాగేశ్వరరావు గారిది, రచన ఆత్రేయ గారిది. 1936లో ఆమె సినిమాలోకి వచ్చినప్పుడు ఎవరి పాట వారు పాడుకోవలసిందే. పాట రానివారికి వేషం దొరకడమే గగనంగా ఉండేది. 1940లలో నేపథ్యగానం వేళ్ళూనుకున్నాక, గొంతు ఒకరిది, ముఖం మరొకరిది కావడం మామూలైపోయింది. 1960 నాటికి ఘంటసాల, లీల, సుశీల గార్ల హయాం నడుస్తున్నా కూడా, ఆ ఒక్క పాటకు ఆమె సొంత గొంతునే ఉంచాలని నిర్ణయించడం గొప్ప విజ్ఞత. ఆ గొంతులో నలభై ఏళ్ళ స్త్రీ వయసు వినిపిస్తుంది. పడుచు గొంతుకు ఉండే నునుపు అందులో లేదు. యశోదగా పెంచిన కృష్ణుడి కోసం జన్మ మారేదాకా ఎదురుచూసిన స్త్రీ పాడే పాటకు ఆ నునుపు లేకపోవడమే నప్పింది. సాంబమూర్తి గారి శిక్షణ ఎటువంటిదో ఆమె సంగతులను వేసే తీరులో మీరు మీ విద్యార్థులకు చూపించవచ్చు. ఎక్కడా గొంతును ప్రదర్శించాలన్న తాపత్రయం ఉండదు, మాట మింగేసినట్టు ఉండదు, శ్వాస తెగదు. ఆమె సంభాషణలు చెప్పే పద్ధతిలో కూడా ఈ సంగీత సాధన ఉందని మా అభిప్రాయం. దీర్ఘమైన వాక్యాన్ని ఒకే ఊపిరిలో, చివరి అక్షరం దాకా స్పష్టంగా, గొంతు పెంచకుండా చెప్పడం శిక్షణ లేనివారికి సాధ్యమయ్యే పని కాదు.

ప్రశ్న: కన్నాంబ గారు కూడా మా కడపవారేనని విన్నాను, నిజమేనా? సీమ నుంచి ఇటువంటి నటీమణులు ఇంకెవరున్నారు?
— ఒక పాఠకురాలు, ఎర్రగుంట్ల

నిజమే. పసుపులేటి కన్నాంబ గారు 1911లో కడపలో పుట్టారు, ఏలూరులో పెరిగారు. ‘హరిశ్చంద్ర’ (1935)లో చంద్రమతిగా వచ్చి, తరువాతి కాలంలో ‘తోడికోడళ్ళు’ (1957) వంటి కుటుంబ చిత్రాలలో ఇంటి పెద్దదిక్కుగా నిలిచారు. రమాప్రభ గారిది కదిరి, వై. విజయ గారిది కడప. వీరందరికన్నా ముందు చెప్పుకోవలసినది మీ జిల్లాలోనే ఉన్న సురభి గ్రామాన్ని. 1885లో వనారస గోవిందరావు గారు అక్కడ ‘కీచకవధ’తో మొదలుపెట్టిన నాటక సమాజంలో స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించేవారు. మగవారే ఆడవేషాలు కట్టే కాలంలో అది సామాన్యమైన సంగతి కాదు. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’లో లీలావతిగా నటించిన సురభి కమలాబాయి గారు ఆ కుటుంబాల బిడ్డే. ‘పాతాళభైరవి’ (1951)లో తోటరాముడి తల్లి కూడా ఆమే. తాడిపత్రిలో పుట్టిన బళ్ళారి రాఘవ గారు చదువుకున్న స్త్రీలు రంగస్థలం మీదకు రావాలని పట్టుబట్టి ప్రోత్సహించడం కూడా ఈ నేలమీద ప్రభావం చూపింది. వీటికి రైలు తోడైంది. బొంబాయి, మద్రాసు మార్గం గుంతకల్లు, తాడిపత్రి, మీ ఎర్రగుంట్ల, కడప మీదుగా వెళుతుంది కాబట్టి, రాత్రి బండెక్కితే తెల్లవారేసరికి స్టూడియోలున్న ఊళ్ళో దిగవచ్చు. సీమ వారికి మద్రాసు దూరాభారం కాలేదు.

ప్రశ్న: మా అవ్వకు చెల్లెలు ఒకామె కర్నూలు చుట్టుపక్కల నాటకాలు ఆడి, 1960లలో మద్రాసు వెళ్ళి కొన్ని కుటుంబ చిత్రాలలో చిన్న వేషాలు వేసిందట. పక్కింటావిడగా, పెళ్ళిళ్ళ పేరయ్య భార్యగా, ఆసుపత్రిలో నర్సుగా కనిపించేదని అవ్వ చెప్పేది. అవ్వా లేదు, ఆమే లేదు. ఇంట్లో రెండు ఫొటోలు మిగిలాయి. ఆమె ఏయే సినిమాల్లో నటించిందో తెలుసుకునే దారి ఏమైనా ఉందా?
— ఒక పాఠకుడు, కర్నూలు

మీ ఉత్తరం చదివి మనసు బరువెక్కింది. శాంతకుమారి గారి వంటివారికి కనీసం చరిత్రలో ఒక వరుస ఉంది, మీ చిన్నవ్వ వంటివారికి అది కూడా లేదు. దారి మాత్రం ఉంది. ఓపిక కావాలి.

ముందుగా ఇంట్లోని వస్తువులను చూడండి. ఫొటోల వెనకవైపు స్టూడియో ముద్ర గానీ, పెన్సిలుతో రాసిన అంకెలు గానీ ఉన్నాయేమో గమనించండి. మద్రాసు నుంచి వచ్చిన ఉత్తరాలు, మనియార్డరు కూపన్లు దొరికితే వాటిమీది తపాలా ముద్రలలో తేదీ ఉంటుంది. ఆమె అక్కడ ఉన్న సంవత్సరాలు తేలితే వెతకవలసిన సినిమాల సంఖ్య బాగా తగ్గిపోతుంది. ఆమె నాటకాలలో వాడిన పేరు, సినిమాలో వాడిన పేరు వేరువేరు కావచ్చు. వెల్లాల సుబ్బమ్మ గారు శాంతకుమారి అయినట్టు, ఎందరో అలా మారినవారే. బంధువులలో వయసు మళ్ళినవారిని ఈ ఒక్క విషయం తప్పక అడగండి, ఈ పని రేపటికి వాయిదా వేయకండి.

తరువాత పాటల పుస్తకాలు. ఆ రోజుల్లో సినిమా హాలు దగ్గర కొన్ని పైసలకు అమ్మిన ఆ పలచని పుస్తకాలలో నటీనటుల పట్టిక ఉండేది, సగం కథ చెప్పి మిగతాది వెండితెర మీద చూడమని ముగించేవారు. సినిమాలో పడే పేర్లలో ‘తదితరులు’ అని తేల్చేసిన చోట, పాటల పుస్తకంలో కొన్నిసార్లు చిన్న పాత్రధారుల పేర్లు కూడా దొరుకుతాయి. పుణెలో 1964లో ఏర్పడిన జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌లో సినిమాలతో పాటు పాటల పుస్తకాలు, పోస్టర్లు, స్టిల్ ఫొటోలు కూడా భద్రపరుస్తారు. పాత సినిమా పత్రికల కోసం వేటపాలెంలోని సారస్వత నికేతనాన్ని సంప్రదించండి. 1918 నుంచి నడుస్తున్న ఆ గ్రంథాలయం పాత పత్రికల సంపుటాలకు పెట్టింది పేరు. మన సీమలోనే కడపలో సి.పి. బ్రౌన్ భాషా పరిశోధన కేంద్రం ఉంది, అక్కడ కూడా అడిగి చూడండి. నిర్మాత బి. నాగిరెడ్డి గారి సంస్థ 1966 నుంచి ప్రచురించిన ‘విజయచిత్ర’ సినిమా పత్రిక సంపుటాలు ఎక్కడ కనిపించినా తిరగేయండి. షూటింగు విశేషాల ఫొటోలలో నాయికా నాయకుల వెనక నిలబడినవారి ముఖాలు చూడడం మరవకండి.

నాటకాల వైపు నుంచి కూడా వెతకాలి. కర్నూలు, అనంతపురం ప్రాంతాలలో పద్య నాటకాలు జాతరలకూ, ఉత్సవాలకూ కాంట్రాక్టు పద్ధతిన జరిగేవి. స్త్రీ పాత్రధారిణిని విడిగా పిలిపించి, ఆటకు ఇంత అని ముట్టజెప్పేవారు. ఆ కరపత్రాలలో నటి పేరు, ఊరు పెద్ద అక్షరాలతో వేసేవారు, ఎందుకంటే ఆ పేరు చూసే జనం వచ్చేవారు. అనంతపురం లలితకళాపరిషత్తు వంటి సంస్థల పాత ఆహ్వాన పత్రికలు, పోటీ ఫలితాలు కూడా ఉపయోగపడతాయి. సినిమాలో పేరు దక్కని మనిషికి నాటకం కరపత్రంలో మొదటి పేరు దక్కి ఉండవచ్చు.

ఇక సినిమాలలో ముఖాన్ని గుర్తుపట్టే పని. సంభాషణ ఉన్న చిన్న పాత్రకూ, ఏజెంటు ద్వారా దినకూలి మీద వచ్చే జూనియర్ ఆర్టిస్టు పనికీ తేడా ఉంది. మీ చిన్నవ్వకు మాటలున్న వేషాలు దక్కాయని అవ్వ చెప్పిన వివరాలను బట్టి తోస్తోంది, అందువల్ల పాటల పుస్తకాలలో పేరు దొరికే అవకాశం ఎక్కువ. టీవీలో వచ్చే కాపీలలో మొదట కోత పడేది చిన్న పాత్రల ఘట్టాలకే కాబట్టి, వీలైనంతవరకు పూర్తి నిడివి ఉన్న ప్రతులనే చూడండి. ఇంట్లో ఆమెను చూసి ఎరిగిన పెద్దవారిని పక్కన కూర్చోబెట్టుకోండి. నడక, చేతుల కదలిక, గొంతు, వీటితో మనిషిని పోల్చుకోవడం ముఖంతో పోల్చుకోవడంకన్నా నిక్కచ్చిగా ఉంటుంది. పెళ్ళి పందిరి, పేరంటం, పంచాయతీ ఘట్టాలలో గుంపును కూడా పరికించండి. గుర్తుపట్టిన ప్రతిచోటా సినిమా పేరు, ఎన్నో నిమిషం, ఆమె అన్న మాట, ఈ మూడూ ఒక పుస్తకంలో రాసుకోండి. పోలికను ఇద్దరు వేరువేరుగా ధ్రువపరిస్తేనే దానిని ఖాయం చేసుకోండి, ఎందుకంటే ఒకే కాలంలో ఒకే పేరుతో ఇద్దరు ముగ్గురు నటీమణులు ఉండడం మామూలే.

మీ దగ్గరున్న రెండు ఫొటోలను అసలు ప్రతులు పంపకుండా, స్పష్టమైన నకళ్ళు తీయించి మాకు పంపండి. ఆమె ఏ పేరుతో నాటకాలు ఆడిందో, ఏ ఊళ్ళలో ఆడిందో తెలిసినంత వరకు ఒక కాగితం మీద రాసి జతచేయండి. మీ ఇంటివారి అనుమతితో వాటిని ఈ శీర్షికలోనే ప్రచురిస్తాము. ఆమెతో కలిసి రంగస్థలం పంచుకున్నవారు నంద్యాలలోనో, డోన్‌లోనో, ఆళ్ళగడ్డలోనో ఇంకా ఉంటే, వారి నుంచి వచ్చే ప్రతి ఉత్తరాన్నీ మీకు అందజేస్తాము.